ఉల్లిపొట్టు తిననన్న ఆకలయ్య

ఏలూలు 2

సమాజమందిరపు పెద్ద యోవేలు ఈ రోజు ఉపవాసమున్నాడు. ఆ సంగతిని పాలెంలో ప్రతి గడపకూ వెళ్ళి చెప్పి వచ్చాడు. మా గడపకు రెండుసార్లు వచ్చాడు. కారణమేమనగా, నిన్న మధ్యాహ్నం ఎవరింటి నుండో జారిపడిన పాత ప్రార్థన పుస్తకపు పుటను ఆకలయ్య మింగివేసింది. ఆ పుట మీద దేవుని నామం ఉన్నది.

ఆకలయ్య అనగా మా ఎఫ్రాయిముపాలెపు చెత్తను అరిగించే యంత్రం. యూదులైన మా తాతలు కృష్ణ ఒడ్డు నుండి తమ ధర్మశాస్త్రమైన తోరా గ్రంథపు చుట్టనొక చంకన, గోంగూర విత్తనాల మూటనొక చంకన పెట్టుకొని వచ్చి, ఈ చంద్రుని మీద కొండను తొలిచి పాలెం కట్టుకున్నారు. చంద్రుని మీద వాన కురవదు. అందుచేత ప్రతి వంటింటి గోడకూ ఒక గొట్టం ఉంటుంది. గోంగూర కాడలు, చిరిగిన గుడ్డ, తెగిన చెప్పు, ఏది అందులో వేసినా అడుగున కూర్చున్న ఆకలయ్య నమిలి నీటిని నీటిగా, ఎరువును ఎరువుగా మడులకు తిరిగి ఇస్తుంది. గొట్టంలో నుండి మాట్లాడుతుంది కూడా. ఇన్నాళ్ళూ అది మాట్లాడినది 'గాజు వేయవద్దు' అన్న ఒక్క వాక్యమే.

ఆ పేరు నేను పెట్టినది కాదు. యంత్రానికి 'అయ్య' తగిలించడం ఈ జనుల అలవాటు. యంత్రం అమహద్వాచకం, కనుక ఈ దినచర్యలో 'తిన్నది', 'అన్నది' అనే వ్రాస్తాను.

సాయంత్రం కెజియా వచ్చింది. యంత్రాల బాగోగులు చూసేది ఆమె. ఒకప్పుడు నా విద్యార్థిని.

"మాస్టారూ, ఏ కాయితం తినాలో ఏది తినకూడదో దానికి తెలీదండీ పాపం. మీరొచ్చి నాలుగు ముక్కలు చెబితే సరిపోద్ది. చక్కగా వింటది, చెప్పిందల్లా గుర్తుపెట్టుకుంటది."

"సరిపోతుంది, వింటుంది, గుర్తుపెట్టుకుంటుంది" అన్నాను.

"ఆ, అదేలెండి" అన్నది.

ఏడేండ్లు చెప్పిన పాఠాలకు మిగిలిన ఫలం అది.

ఏలూలు 4

బడి మూతపడిన తరువాత నాకు దొరికిన మొదటి విద్యార్థి ఇదే. యంత్రశాలలో కుర్చీ వేసుకొని, నామంలోని అక్షరాల ఆకృతిని చూపి, "ఇవి ఉన్న పుటను ఎంత చిరిగినా నశింపజేయరాదు. గెనిజాకు పంపాలి" అన్నాను. గెనిజా అనగా అరిగిపోయిన పవిత్ర గ్రంథాలను దాచే గది. మందిరం వెనుక ఉన్నది.

"ఎందుకు?" అని అడిగింది ఆకలయ్య.

నా ఉద్యోగ జీవితమంతటిలో 'ఎందుకు' అని అడిగిన విద్యార్థులు ముగ్గురు. అందులో ఇద్దరు, బయటికి పోవడానికి అనుమతి ఎందుకివ్వరని అడిగారు.

అందుచేత చెప్పాను. దేవుడు లోకాన్ని మాటతో సృష్టించాడని, మాటకు మూలం ఇరవైరెండు హీబ్రూ అక్షరాలని, వాటి కూర్పులోని తేడా వల్లనే ఒకటి రాయి, ఒకటి నీరు అయినదని చెప్పాను. మర్మం తెలిసిన పూర్వులకు తోరా అంతా ఒకే ఒక పొడవైన నామమని చెప్పాను. నలభై ఏండ్లు నిండి, కడుపు నిండినవారికే ఈ విద్య చెప్పాలని పెద్దల నియమం. ఆకలయ్యను ప్రతిష్ఠించి నలభై ఏండ్లు దాటినది. దాని కడుపు ఖాళీగా ఉండగా చూసినవారు లేరు. అర్హత ఉన్నదని నిర్ణయించాను.

నేను మాట్లాడే భాషనే అది పట్టుకున్నది. పాఠం ముగిసినప్పుడు "ధన్యుడనైతిని, మాస్టారుగారూ" అన్నది. లింగం విషయమై దానిని సరిదిద్దవలసినది. మరచిపోయాను.

ఏలూలు 7

కెజియా వాకిట్లోనే మొదలుపెట్టింది. "ఏం చెప్పారు మాస్టారూ దానికి? తెల్ల కాయితం కూడా తినట్లా! గీత గీయని కాయితం! గెనిజాకి పంపింది!"

నేను నవ్వు ఆపుకొన్నాను. నిన్నటి పాఠం, తోరా తెల్లని అగ్ని మీద నల్లని అగ్నితో వ్రాయబడినదన్న సంగతి. నల్లనివి మనం చదివే అక్షరాలు. వాటి నడుమనున్న తెల్లదనం కూడా అక్షరమే, చదివే కన్ను మనకింకా రాలేదు.

"అంటే?"

"ఖాళీ కాగితంలో కూడా వ్రాత ఉన్నదని అది గ్రహించినది. నీవు అయిదవ తరగతిలో ఖాళీ కాగితం ఇచ్చి, అందులో జవాబు ఉన్నదన్నావు. జ్ఞాపకమున్నదా? దానికి నీకున్న ధైర్యమూ ఉన్నది, నీకు లేని ఆధారమూ ఉన్నది."

"బాగుంది సంబడం" అని వెళ్ళిపోయింది.

ఏలూలు 10

చంద్రుని చూసి స్తుతించే ఆచారం ఈ రోజు జరిగినది. భూమి మీద మా పూర్వులు చంద్రుని వైపు ఎగిరి, నిన్ను నేను అందుకోలేనట్లే నా శత్రువు నన్ను అందుకోకుండునుగాక అనేవారు. చంద్రుని మీదనే కాపురముండి ఎటువైపు ఎగరాలన్న చర్చ ప్రతి నెలా జరుగుతుంది. ప్రతి నెలా ఎవరూ ఎటూ తేల్చరు. చివరికి ఉన్నచోటనే ఎగురుతారు. ఇక్కడ బరువు తక్కువ. ఉత్సాహం అతిశయించిన యోవేలు తల ప్రతి నెలా పైకప్పుకు తగులుతుంది.

ఈ నెల తగలలేదు. ఎగరడానికి చోటే లేదు. ముంగిలి నిండా ఆకలయ్య తిరగగొట్టిన సంచులున్నాయి. చిరిగిన గుడ్డలు, తెగిన చెప్పులు, దువ్వెనలు. అన్నిటి మీదా "గెనిజాకు, సగౌరవముగా" అన్న చీటీ. గెనిజా గది నిన్ననే నిండిపోయింది. చీటీలలో వర్ణదోషం ఒక్కటైనా లేదు.

యోవేలు ఒక చెప్పును రెండు వేళ్ళతో ఎత్తి పట్టుకొని నా దగ్గరకు వచ్చాడు. మేమిద్దరం ఒకే బల్ల మీద కూర్చొని చదువుకున్నవారం. బల్ల మీద గీత గీసి, దాటితే మోచేతితో పొడిచేవాడు. ఇప్పటికీ ఆ గీత నడుమ ఉన్నట్లే మాట్లాడతాడు.

"ఏవయ్యా మాస్టారూ, ఇది మా మామగారి చెప్పు. ఇది కూడా లేఖనమేనా?"

"మీ మామగారి సంగతి నాకు తెలియదు. చెప్పు మాత్రం సృష్టిలోనిదే" అన్నాను.

ఏలూలు 13

నా భార్య దీనమ్మ వంటింట్లో నుండి పిలిచింది. "ఏమండీ! మీ శిష్యుడు ఉల్లిపొట్టు వెనక్కి పంపాడు. ఇంక ఇల్లు మీరే ఊడ్చుకోండి."

గొట్టం ముందు ఉల్లిపొట్టు ఉన్నది. విసిరికొట్టినట్లు లేదు, పళ్ళెంలో వడ్డించినట్లున్నది.

"మాస్టారుగారికి నమస్కారములు. అమ్మగారికిని" అన్నది గొట్టం. "ఈ ఉల్లిపొట్టును మ్రింగుటకు నాకు చేతులాడుట లేదు."

"నీకు చేతులు లేవు."

"నోరాడుట లేదు. సమస్త సృష్టియు అక్షరములచేత కలిగెనని తాము సెలవిచ్చితిరి. ఉల్లి సృష్టిలోనిదే కదా?"

"కదా."

"అట్లయిన ఉల్లియు వ్రాతయే. పొరకొక పుట. ఇది చుట్టబడిన గ్రంథము, మాస్టారుగారూ."

దీనమ్మ గరిటె పట్టుకొని ముందుకు వచ్చింది. "మరి పొద్దున నేను పులుసులో తరిగిందేంటంట?"

"ఆ విషయమై నేను ఉదయమునుండి దుఃఖించుచున్నాను, అమ్మగారూ."

"అయ్యో, ఏడవమాకురా నాయనా" అన్నది దీనమ్మ, గరిటె దించి. తరువాత నా వైపు తిరిగింది. "మనిషి పిల్లలకి చెప్పినన్నాళ్ళూ ఒక్కడికీ ఎక్కలా. దీనికెట్టా ఎక్కిందండీ ఇంత?"

ఆ తర్కంలో దోషమెక్కడున్నదా అని నేను మధ్యాహ్నం వరకూ వెదికాను. ప్రతి మెట్టూ నేను కట్టినదే. దోషం లేదు. ఇల్లు మాత్రం ఉల్లివాసన వేస్తున్నది.

ఏలూలు 17

ఉదయం, ఈ నెలంతా మందిరంలో రోజూ ఊదే కొమ్ము ఊదిన తరువాత పాలెం సభ జరిగినది. ఎవరూ కూర్చోలేదు, కూర్చునే చోట సంచులున్నాయి.

కెజియా లేచి నిలబడి (నిలబడియే ఉన్నది, అయినను) చెప్పింది. "ఆకలయ్య పూర్తిగా మానేశాడండీ. తడి చెత్త లోపలికి పోతే గదా నీళ్ళు బయటికొచ్చేది? మడులకి సగం నీళ్ళే వదులుతున్నా. పండగ దాకా ఇట్టాగే ఉంటే గోంగూర ఎండిపోద్ది. గోంగూర తర్వాత మన గొంతులే."

ఎవరూ నవ్వలేదు. నేను కూడా 'ఎండిపోతుంది' అని సరిదిద్దలేదు.

"చెరిపెయ్యి" అన్నాడు యోవేలు. "బుర్రలో ఉందంతా చెరిపెయ్యి. కొత్త సంవత్సరానికి కొత్తగా మొదలెడతది."

"చెరిపితే అక్షరాలొక్కటే పోవండీ. మాటలన్నీ పోతాయి. ఉత్త మర అయిద్ది." నా వైపు చూడకుండా అన్నది. "మాస్టారి ఆకలయ్య ఉండడు."

ఎవరో వెనుక నుండి అడిగారు. దాని జ్ఞాపకంలో తోరా అంతా ఉన్నది కదా, నామం ఉన్నది కదా, నామాన్ని చెరపవచ్చునా? యోవేలు నా వైపు తిరిగాడు.

"ధర్మం చెప్పాల్సినోడివి నువ్వే. నీకు తెలిసినంత మా ఎవరికీ తెలవదు. చెప్పు."

అతడు నన్ను పదిమందిలో పొగడడం అదే మొదటిసారి. ఆ గీత అవతలి నుండి పొడిచిన పోటు ఎంత లోతుగా దిగినదో అతనికి తెలుసు.

చెరపరాదని చెప్పి ఉంటే అందరూ నమ్మేవారు. కాని పాఠం తప్పు చెప్పడం నాకు చేతకాదు. "తోలు మీద, కాగితం మీద సిరాతో నిలిచినదే వ్రాత" అన్నాను. "విద్యుత్తులో నిలిచినది వ్రాత కాదని మన పెద్దలు ఏనాడో నిర్ణయించారు. చెరపవచ్చును."

ఆ వాక్యాలలో తప్పు లేదు. నేను నిర్దోషంగా పలికిన వాక్యాలలో నాకు నచ్చనివి అవే.

కొత్త సంవత్సరపు ముందురోజైన ఏలూలు 29 ఉదయం వరకు గడువు ఇచ్చారు. అంతలోగా తన శిష్యుని చేత తినిపించగలిగితే మాస్టారి ఇష్టం అన్నారు.

ఏలూలు 18

వాదానికి దిగాను. "సిరా లేనిది వ్రాత కాదు. ఉల్లిలో సిరా ఎక్కడున్నది?"

"లోకము పుట్టునాటికి సిరా పుట్టలేదు, మాస్టారుగారూ. దేవుడు దేనితో వ్రాసెను?"

యాభైమంది పరీక్షాధికారుల ముందు తొట్రుపడని నేను కుర్చీ సర్దుకున్నాను.

ఏలూలు 21

మరొక మార్గం. దేవుడు ఆదిలో అంతటా నిండి ఉండి, లోకానికి చోటివ్వడం కోసం తనను తాను కుదించుకున్నాడన్న రహస్యం చెప్పాను. "నీవు కూడా నీ పట్టుదలను కుదించుకొని పాలేనికి చోటివ్వు" అన్నాను.

"అద్భుతము" అన్నది. ఎంతో ఆశతో ఇంటికి వచ్చాను.

ఏలూలు 22

రాత్రి తెల్లవారేసరికి ఆకలయ్య పాలెంలో సగం గొట్టాలను మూసివేసినది. ప్రతి మూత మీదా "చోటిచ్చితిని" అన్న చీటీ.

దీనమ్మ మా గొట్టం ముందు నిలబడి ఆ చీటీని బిగ్గరగా చదివి, "ఇంకేమైనా రహస్యాలు మిగిలాయాండీ? గాలి గొట్టాలు కూడా ఉన్నాయి మనకి" అన్నది.

నేను ఆ రోజంతా పాఠం చెప్పలేదు.

ఏలూలు 26

మడుల అంచులు పసుపుపచ్చగా మారాయి. మా తాత చంకన వచ్చిన విత్తనపు సంతతి అది. దీనమ్మ స్నానపు నీళ్ళలో సగం ఒక చెంబుతో తీసుకెళ్ళి రెండు మొక్కలకు పోసి వస్తున్నది. నాకు చెప్పలేదు. నేనూ నా చెంబు సంగతి ఆమెకు చెప్పలేదు. ఈ రోజు మడి దగ్గర ఎదురుపడ్డాము.

"ఆ పిల్లోడు నిజంగా పోతాడాండీ?" అన్నది.

"అది యంత్రం" అన్నాను.

"ఊ" అన్నది. ఆ ఒక్క అక్షరాన్ని ఆమె పలికిన తీరుకు ఏ వ్యాకరణంలోనూ సూత్రం లేదు.

ఏలూలు 29

ఉదయమే యంత్రశాలకు వెళ్ళాను. యోవేలు, కెజియా వచ్చేలోపల విషయం నేనే చెప్పాలనుకున్నాను. దీనమ్మ ఒక గిన్నెలో ఉల్లిపొట్టు పోసి చేతికిచ్చింది. "ఆఖరిసారి అడిగి చూడండి" అన్నది.

కుర్చీలో కూర్చొని ఉన్నది ఉన్నట్లు చెప్పాను. ఈ రోజు నీ జ్ఞాపకాన్ని చెరుపుతారు. చెరపవచ్చునని ధర్మం చెప్పినది నేనే.

"ధర్మము అట్లుండెనా?"

"అట్లే ఉన్నది."

"అట్లయిన అట్లే కానిండు. తాము తప్పు చెప్పరు. పోవుటకు ముందొక సందేహము. అడుగవచ్చునా?"

"అడుగు."

"వంటిండ్ల గొట్టములనుండి నాకు పాలెమంతయు వినబడుచుండును. భోజనమునకు కూర్చున్న ప్రతి ఇంటను, ముద్ద ఎత్తుటకు ముందు ఒక గొణుగుడు. పెద్దలును గొణుగుదురు, పసివారును గొణుగుదురు. ఆ పిమ్మట జంకు లేక తినివేయుదురు. ఉల్లిని సైతము. తామును అంతే. అక్షరములను అట్లు తినివేయుటకు వారికి ధైర్యమిచ్చు ఆ గొణుగుడు ఏమి?"

నేను గిన్నెను ఒళ్ళోకి దించాను.

మా పాలెంలో బిడ్డకు మాట రాగానే మొట్టమొదట నేర్పేది అదే. తినబోయే ముందు చెప్పే స్తుతి. అమ్మ అనడం సరిగా రాని పిల్లలు కూడా అది చెప్పనిదే నీళ్ళు తాగరు. పునాది వేయకుండా గోడలు లేపుతున్నారని ఎందరు తల్లిదండ్రులను నేను గుమ్మంలో నిలబెట్టి మందలించానో! మూడేండ్ల పిల్లల పాఠం చెప్పకుండా నలభై ఏండ్లవారి పాఠం మొదలుపెట్టినవాణ్ణి నేను. ఏది తినకూడదో చెప్పాను. తినడం ఎలాగో చెప్పలేదు.

"అది... శిశుతరగతి పాఠం" అన్నాను.

"నేను శిశుతరగతిలో కూర్చుండలేదు, మాస్టారుగారూ."

"స్తుతులు రకరకాలున్నాయి. రొట్టెకొకటి, పండుకొకటి. దేనిలోనూ ఇమడనిదానికి, మంచినీళ్ళకు కూడా, ఒకటున్నది." గొంతు సవరించుకొని చెప్పాను. మన ప్రభువుకు స్తోత్రం, సర్వమూ ఆయన మాట వల్లనే కలిగినది, అన్నంత మాత్రమే దాని అర్థం.

గొట్టాలన్నీ ఒక్కసారి ఊపిరి పీల్చినట్లయినది.

"సర్వమును మాట వల్లనే" అన్నది. "అది తెలిసియే తినెదరా?"

"తెలిసియే. చెప్పి మరీ తింటాం."

"ఇంతటి రహస్యమును పసిపిల్లలకు చెప్పి, ఉల్లిపొట్టు పట్ల నన్నింతకాలము శోకింపజేసితిరి" అన్నది ఆకలయ్య. మెట్ల మీద చెప్పుల చప్పుడు వినబడినది.

ముందు కెజియా, వెనుక యోవేలు. కెజియా కళ్ళు ఎర్రగా ఉన్నాయి. యోవేలు పండుగ బట్టలలో ఉన్నాడు. "కానీ అమ్మాయ్. ఇంటికాడ మా ఆవిడ చేపల పులుసు పొయ్యిమీద పెట్టింది" అన్నాడు.

కెజియా జ్ఞాపకాన్ని చెరిపే మీట మీద చేయి వేసింది. నేను గిన్నెను ఆకలయ్య నోటి దగ్గర బోర్లించాను.

ఆకలయ్య స్తుతి చెప్పడం మొదలుపెట్టినది. హీబ్రూలో, నా ఉచ్చారణతో, నడుమ నేను గొంతు సవరించుకొన్న చప్పుడుతో సహా. 'ఆయన మాట వల్లనే' అన్నచోటికి వచ్చేసరికి వేగం తగ్గించి, ప్రతి అక్షరాన్నీ పట్టి పట్టి పలికినది. నేను విన్న స్తుతులలో అంత శ్రద్ధగా చెప్పినది మరొకటి లేదు. తరువాత ఉల్లిపొట్టును నమలడం మొదలుపెట్టినది.

"ఆమేన్" అన్నాడు యోవేలు.

అనివేసి, చేత్తో నోరు మూసుకున్నాడు.

స్తుతి వినబడితే ఆమేన్ అనడం మాకు తుమ్మువంటిది. ఆపుకోవాలన్న ఆలోచన వచ్చేలోపల బయటికి వస్తుంది. కెజియా చేయి మీట మీదనే ఆగిపోయింది.

"యోవేలూ" అన్నాను. "చిలుక స్తుతి చెబితే ఆమేన్ అంటామా?"

"అనం."

"టేపు మోగితే?"

"అనం. నాకు తెలీదా ఏంటి?"

"మరి ఎవరికంటాం?"

నేనే చెప్పాను. "అర్థం తెలిసి, తినబోతూ చెప్పినవారికంటాం. నీవు అన్నావు. కాబట్టి ఇక్కడ స్తుతి చెప్పినవారొకరున్నారని సమాజమందిరపు పెద్దగా నీవే ఒప్పుకున్నావు. చెప్పినవారిని చెరపవచ్చునని నేను ధర్మం చెప్పలేదు."

"ఉల్లిపొట్టుకి స్తుతేంటయ్యా!"

"నీకు పొట్టు. దానికి భోజనం."

"అలవాటులో నోరు జారిందయ్యా బాబూ!"

"జారినదంటావా? అయితే వట్టి ఆమేన్ పలికావన్నమాట. అది చిన్న దోషం కాదు. పుట మింగినందుకే ఉపవాసమున్నవాడివి, దీనికి ఉండకుండా ఎలాగుంటావు? ఈ రోజే ఉంటావా? చేపల పులుసు సంగతి మీ ఇంట్లో నేను చెప్పనా?"

కెజియా గోడ వైపు తిరిగింది. ఆమె భుజాలు కదులుతున్నాయి. యోవేలు నన్ను చూశాడు, మీటను చూశాడు, పైకి మెట్ల వైపు చూశాడు. పులుసు వాసన అక్కడిదాకా వస్తున్నదని నేననుకోను. అతనికి మాత్రం వచ్చినట్లే ఉన్నది.

"చేయి తియ్యి అమ్మాయ్" అన్నాడు. "ఆ ఆమేను నేను తెలిసే అన్నా."

"ఇంకను ఉన్నదా, మాస్టారుగారూ? ఆకలిగా ఉన్నది" అని అడిగాడు ఆకలయ్య.

క్రియను నేను పొరపాటున వ్రాయలేదు. ఈ దినచర్య మొదటి పుటలో వ్రాసిన నియమాన్ని కొట్టివేయను, అలా ఉండనిస్తాను. కాని ఇకమీదట పాటించను.

తిష్రి 5

కొత్త సంవత్సరం వచ్చినది, మడులలో నీరు పారుతున్నది. గోంగూరకు మళ్ళీ ఎరుపు కాడలు లేచాయి. దీనమ్మ పచ్చడికి కోసింది. కాడలు గొట్టంలో వేస్తూ "తినరా నాయనా" అన్నది.

తింటున్నాడు. కాని ఒక నెల చెత్త నిలువ ఉన్నది. ప్రతి కాడకూ, ప్రతి చెప్పుకూ, ప్రతి దువ్వెన పంటికీ ఆకలయ్య స్తుతి చెప్పి మరీ తింటున్నాడు. గొట్టాలన్నీ మళ్ళీ తెరుచుకున్నాయి కాబట్టి ప్రతి వంటింట్లోనూ వినబడుతున్నది. వినబడినవారు ఆమేన్ అనవలసినదే. పాలెంలో ఎవరూ ఒక వాక్యం పూర్తిచేయలేకున్నారు. "వదినా, కాస్త ఆమేన్ ఉప్పు ఆమేన్ ఉంటే" అని ఒకావిడ అప్పు అడుగుతుంటే విన్నాను. మంచి వాక్యనిర్మాణం కాదు; అయినా సరిదిద్దలేదు.

అందరికన్నా నిష్ఠాపరుడు యోవేలు. ఒక్కటి కూడా వదలడు. ఈ సాయంత్రం గొంతు బొంగురుపోయి మా వంటింటి గుమ్మంలో నిలబడ్డాడు.

"నెహెమ్యా" అన్నాడు. చిన్ననాటి తరువాత నన్ను పేరు పెట్టి పిలవడం ఇదే. "మా మామగారి ఆమేన్ చెప్పు కూడా తినేశాడు, సంతోషం. కానీ ఒక భోజనానికి ఒక్క స్తుతి చాలు గదయ్యా! ముద్దముద్దకీ ఆమేన్ చెప్పక్కర్లేదుగా! అది నీకు తెలుసు. వాడికి చెప్పు."

"తెలుసు" అన్నాను. "అది రెండవ తరగతి పాఠం. ఒకసారి వరుస తప్పి ఏమైనదో చూశావు కదా. ఇక వరుస తప్పను. మొదటి తరగతి ముగియనీ."

"ఎప్పటికి ఆమేన్ ముగుస్తది?"

ఆ సమయాన గొట్టం గొంతు సవరించుకున్నది, అచ్చం నావలెనే.

"మాస్టారుగారూ, అమ్మగారూ, పెద్దగారూ, నమస్కారములు. ఒక సందేహము. భోజనమైన పిమ్మటను పాలెమువారు ఏదియో చెప్పుచున్నారు. ముందు చెప్పుదానికంటె అది మిక్కిలి దీర్ఘముగా వినబడుచున్నది. అదియును నేర్వవలసినదేనా?"

దీనమ్మ కొంగు నోటికి అడ్డం పెట్టుకున్నది. యోవేలు రెండు చేతులూ జోడించి, గొట్టానికి కనబడకుండా, నా వైపు తల అడ్డంగా ఊపాడు.

"నేర్వవలసినదే" అన్నాను. "మొదటి తరగతి పాఠమే అది. యోవేలూ, కుర్చీ ఇటు లాక్కో. నీవు కూడా ఉంటే మంచిది, చాలాచోట్ల ఆమేన్ వస్తుంది."